తనఖా యింటి నిజమైన వెల



2023వ సంవత్సరము ఏప్రిలు నెలలో ఒకనాటి సాయంకాలము నేను పాఠశాలనుండి యింటికి చేరునప్పటికి నా భార్య ఒక ఉత్తరమును చేతబట్టుకొని వాకిట కూర్చుండియుండెను. అది మాకు గృహఋణమిచ్చిన సంస్థవారు పంపిన ఉత్తరము. "ఏమండీ, మనము పదునైదు నెలలనుండి ఒక్క వాయిదాయైన తప్పక కట్టుచున్నాము గదా. మొదట మొత్తము 240 వాయిదాలన్నారు. ఇప్పుడు ఇంకను 360 మిగిలియున్నవని వ్రాసినారు. కట్టుకొలది పెరుగుట యేమి?" అని ఆమె యడిగెను.

ఉపాధ్యాయ శిక్షణ ముగించుకొని వచ్చిన నాటినుండి పదునెనిమిది ఏండ్లుగా నేను పిల్లలకు బారువడ్డి, చక్రవడ్డి లెక్కలు చెప్పుచున్నవాడను. నల్లబల్లమీద ఎందరో రామయ్యల అప్పులను, సోమయ్యల అప్పులను లెక్కకట్టితిని. కాని నా సొంత అప్పును ఒక్కనాడైన కాగితముమీద పెట్టి చూచుకొనలేదు. ఆ సాయంకాలము నా భార్యకు వెంటనే సమాధానము చెప్పలేక పోతిని. ఆమె ప్రశ్నకు సమాధానమే ఈ వ్యాసము. నావలెనే నెలవాయిదా యెంతయో తెలిసి, ఇంటి వెల యెంతయో తెలియనివారు మన పాఠశాల విద్యార్థుల తల్లిదండ్రులలో పెక్కుమంది యున్నారని యెరిగి దీనిని వ్రాయుచున్నాను.

ముందుగా తనఖా యనగా నేమో చూతము. ఇల్లుగాని భూమిగాని అమ్మక, దానిని అప్పునకు హామీగా వ్రాసి యిచ్చుట తనఖా. ఆస్తి మనదే. అప్పు తీరనియెడల దానిని అమ్మించి తన పైకము రాబట్టుకొను హక్కు ఋణదాతకు కలుగును. 1882వ సంవత్సరపు ఆస్తి బదిలీ చట్టము ఆరు విధములైన తనఖాలను చెప్పుచున్నది. వానిలో మన వైపు జనులెరిగినవి ప్రధానముగా నాలుగు. ఆస్తి మన చేతనే యుండి పత్రము మాత్రము వ్రాసియిచ్చునది మొదటిది. ఋణదాత యింటిలో కాపురముండియో, పొలము దున్నుకొనియో, ఆ ఫలమును వడ్డిక్రింద జమకట్టుకొనునట్టి స్వాధీనపు తనఖా రెండవది. ఇంటి దస్తావేజులను ఋణదాతవద్ద ఉంచుట మూడవది; నేడు బ్యాంకులవారు విశేషముగా నడపునది యిదియే. నాలుగవది షరతు క్రయము. దీనినిగూర్చి ముందు చెప్పవలసిన మాట యొకటి కలదు.

మన తాతల కాలమున నర్సీపట్నము గొలుగొండ తాలూకాకు ముఖ్యస్థానముగా నుండెను. ఆ దినములలో గృహఋణమను మాటయే లేదు. పెండ్లికో, ఎద్దులకో, కరవునకో ఇల్లు తాకట్టు పెట్టుటయే కాని, ఇల్లు కట్టుటకై తాకట్టు పెట్టుట అరుదు. నూటికి నెలకు రూపాయి వడ్డి యనిన ధర్మవడ్డి యనెడివారు. అది యేటికి 12 శాతము. అవసరము ముదిరినప్పుడు రెండు రూపాయలు, అనగా 24 శాతము. ఇది ప్రాచీనమైన లెక్కయే. నెహెమ్యా గ్రంథము అయిదవ అధ్యాయమున కరవుకాలమందు ధాన్యమునకై పొలములను, ద్రాక్షతోటలను, ఇండ్లను కుదువపెట్టిన జనుల మొర కలదు. అచ్చట చెప్పబడిన నూరవపాలు నెలకు నూటికొకటి వంతున వడ్డియని పలువురు వ్యాఖ్యాతల అభిప్రాయము. దేశము వేరు, కాలము వేరు. లెక్క మాత్రము మన ఊరి లెక్కయే.

వెయ్యి రూపాయలను 24 శాతము వంతున ఏటేట వడ్డిని అసలులో కలుపుచు పోయినచో పది సంవత్సరములకు 8,594 రూపాయలగును. అందుచేతనే మన్యపు జనుల భూములు పల్లపు వర్తకుల చేతులలోనికి పోవుచుండెను. దీనిని గాంచి చెన్నపురి ప్రభుత్వమువారు 1917లో ఏజెన్సీ ప్రాంతములకొక చట్టమును చేసిరి. కొండజాతివారి అప్పులపై 24 శాతమునకు మించి వడ్డి యిప్పించరాదు, చక్రవడ్డి పనికిరాదు, మొత్తము వడ్డి యసలును మించరాదు, ఆ ప్రాంతమున వారి భూమి ప్రభుత్వాధికారి యనుమతి లేక యితరులకు పోరాదు. తరువాత 1938లో రాజగోపాలాచారిగారి మంత్రివర్గము మైదానపు వ్యవసాయదారులకును ఋణవిమోచన చట్టమును తెచ్చినది. 1932 అక్టోబరు 1వ తేదీకి పూర్వము చేసిన అప్పులపై 1937 అక్టోబరు 1వ తేదీనాటికి నిలిచియున్న వడ్డి యంతయు దానిచే కొట్టివేయబడెను. అసలునకు రెట్టింపు అంతకుముందే చెల్లించినవాని అప్పు పూర్తిగా తీరినట్లే యెంచబడెను. అసలునకు రెట్టింపు చెల్లించుట యన్యాయమని నాటి శాసనకర్తలు తలచిరన్నమాట. పాఠకులు ఈ రెట్టింపు మాటను కొంచెము జ్ఞాపకముంచుకొనవలెను.

మా పితామహుని ఇల్లు పోయినది వడ్డివలన కాదు, పత్రమువలన. ఆయన తన పెంకుటింటిని ఒక ఋణదాతకు తనఖా పెట్టదలచి వెళ్లగా, "తనఖా పత్రమెందులకు? క్రయపత్రమే వ్రాయుము, అప్పు తీర్చిననాడు తిరిగి వ్రాసి యిత్తును" అని యాతడనెను. తాతగారు నమ్మి వ్రాసియిచ్చిరి. రెండేండ్లకు పైకము తీసికొనిపోగా, ఇల్లు తాను కొన్నదేయని యాతడు కాగితము చూపెను. 1929లో ఆస్తి బదిలీ చట్టమునకు జరిగిన సవరణ ప్రకారము, తిరిగి యిచ్చెదనను షరతు ఆ క్రయపత్రములోనే వ్రాసియుండనిచో అది తనఖాగా చెల్లదు. నోటిమాటయు, వేరు కాగితమును చాలవు. తాతగారికి ఈ సంగతి తెలియదు. అది తనఖాయే యైనచో అప్పు తీర్చి విడిపించుకొను హక్కును ఏ షరతును తీసివేయజాలదు. నేటికిని మన పల్లెలలో హామీక్రింద క్రయపత్రము వ్రాయించుకొనుట నేను వినుచునే యున్నాను. ముఖ్యముగా గ్రామకంఠపు ఇండ్లకు సరియైన దస్తావేజులు లేకుండుటచే బ్యాంకులు వెనుదీయును. అందుచే జనులు ఇట్టి కాగితములపై పడుదురు. ఎవరైన నట్లు అడిగినచో సంతకము పెట్టవలదు.

ఇక నేటి గృహఋణము. జనులు ఇ.యం.ఐ. యని పిలుచు సమాన నెలవాయిదాల పద్ధతి మన సొంతము కాదు. అమెరికా దేశమున 1930కి పూర్వము గృహఋణములు సాధారణముగా కొలది ఏండ్ల గడువువి. గడువునాటికి అసలంతయు ఒక్కసారి చెల్లించవలసి యుండెడిది. ఆర్థికమాంద్యమున లక్షలకొలది ఇండ్లు వేలమునకు వచ్చుటచే, 1933, 1934 సంవత్సరములలో అచ్చటి ప్రభుత్వము కొంచెము కొంచెముగా అసలు తీరునట్టి దీర్ఘకాలపు వాయిదాలను ప్రోత్సహించెను. మన రాష్ట్రమున 1929లో వెలసిన మద్రాసు కేంద్ర భూమి తనఖా బ్యాంకు రైతులకు దీర్ఘకాలపు ఋణముల త్రోవ చూపెను. పట్టణపు ఉద్యోగస్థునికి నెలవాయిదాలపై ఇల్లు దొరకుట 1977లో హెచ్.డి.యఫ్.సి. స్థాపింపబడిన పిమ్మట వ్యాపించినది. పద్ధతి మంచిదే. దీనిలో మన తాతలను ముంచినట్టి చక్రవడ్డి, వాయిదాలు తప్పనంతవరకు, లేదు. ఆ ధైర్యముతోనే మనమందరము లెక్క మానివేయుచున్నాము.

ఉత్తరము వచ్చిన మరునాడు నేను పదవ తరగతి పిల్లలకు ఒక లెక్క నిచ్చితిని. పది లక్షల అప్పు, 9 శాతము వడ్డి, ఇరువది సంవత్సరములు. నెలవాయిదా 8,997 రూపాయలు. మొదటి నెల వడ్డి యెంత? పది లక్షలపై ఏటికి తొంబది వేలు, నెలకు 7,500. కావున మొదటి వాయిదాలో అసలునకు పోవునది 1,497 మాత్రమే. రెండవ నెల 9,98,503 రూపాయలపై వడ్డి. పదునొకండు రూపాయలు తగ్గును. ఇట్లు పిల్లలు వరుసలవారీగా నెలలు పంచుకొని లెక్కకట్టసాగిరి. గంట కొట్టినను లేవలేదు. అయిదేండ్లు ముగియువరకు కట్టినది 5,39,836 రూపాయలు. తగ్గిన అసలు 1,12,929. మిగిలిన 4,26,907 వడ్డియే. పదియేండ్లు గడచునప్పటికి, అనగా సగము కాలమునకు, ఇంకను 7,10,000 పైచిలుకు బాకీ యుండెను. వెనుక బల్లమీది బాలిక యొకతె లేచి, "మాష్టారూ, అయితే సగము అప్పు ఎప్పుడు తీరును?" అని ప్రశ్నించెను. ఆ ప్రశ్న నేను వేయవలసినది. లెక్కింపగా పదునాలుగవ సంవత్సరాంతమున తేలినది. ఇరువది ఏండ్లలో పదునాలుగు ఏండ్లు సగము అప్పునకు, ఆరేండ్లు తక్కిన సగమునకు!

ఇందులో మోసమేమియు లేదు. నెలనెలకు మిగిలియున్న అసలుపైననే వడ్డి కట్టుదురు. మొదట అసలు పెద్దది కనుక వడ్డి పెద్దది. వాయిదా మారదు కనుక అసలునకు మిగులునది కొంచెము.    మొత్తమున ఆ పది లక్షలకు మనము చెల్లించునది 21,59,342 రూపాయలు. 1938 నాటి శాసనకర్తలు చాలునన్న రెట్టింపును దాటినది. అదియు 24 శాతముమీద కాదు, తొమ్మిది శాతముమీద. శాతము చిన్నదైనను కాలము పెద్దదైనచో ఫలమట్లుండును.

కాలమునుగూర్చి మరికొంత చెప్పెదను, ఏలయన వ్యాసమంతటిలో దీనికంటె ముఖ్యమైనది లేదు. ఆ పది లక్షలనే ఆ తొమ్మిది శాతముమీదనే పదియేండ్లకు తీసికొన్నచో నెలవాయిదా 12,668. మొత్తము వడ్డి 5,20,000. పదునైదేండ్లకైన నెలకు 10,143. వడ్డి 8,25,000 పైగా. ఇరువదికి వడ్డి 11,59,000. ముప్పదికి నెలవాయిదా 8,046, వడ్డి 18,96,000 పైచిలుకు. ఇరువది ఏండ్లను ముప్పది చేసినందువలన నెలకు మిగిలినది 951 రూపాయలు. దానికై అధికముగా చెల్లించినది 7,37,000 రూపాయలు. ఋణమిచ్చువారి కచేరిలో "మీకు నెలకెంత వీలగును?" అని యడుగుదురు గాని, "ఎన్నేండ్లు కట్టగలరు?" అని యడుగరు. మన వీలునుబట్టి వారు ఏండ్లు నిర్ణయింతురు. నేనును ఆ ప్రశ్నకు సంతోషముతో సమాధానము చెప్పినవాడనే.

ఇప్పుడు నా ఉత్తరము సంగతి. నేను 2021 డిసెంబరున రావికమతములో రెండు గదుల ఇంటికై పది లక్షలు, 7 శాతము వడ్డిపై, ఇరువది ఏండ్లకు తీసికొంటిని. నెలవాయిదా 7,753. ఆ వడ్డి స్థిరమైనది కాదు, మారునట్టిది. భారత రిజర్వు బ్యాంకు బ్యాంకులకు ఏ వడ్డిమీద పైకమిచ్చునో దానిని రెపో రేటందురు. బ్యాంకులు 2019 అక్టోబరునుండి క్రొత్తగా నిచ్చు మారెడు వడ్డి గృహఋణములను ఇట్టి బయటి కొలతకు ముడివేసినవి. 2022 మే నెలవరకు 4 శాతముగానున్న ఆ రేటు, ధరల పెరుగుదలను అరికట్టుటకై క్రమముగా పెంచబడి, 2023 ఫిబ్రవరికి 6.50 అయ్యెను. నా వడ్డియు రెండున్నర శాతము పెరిగి 9.50కు చేరెను.

విద్యార్థులారా, పది లక్షలకు 9.50 వంతున నెలకు వడ్డి యెంత? 7,917. నా వాయిదా 7,753. వాయిదా వడ్డికే చాలదు! నేను పదునైదు నెలలలో కట్టినది 1,16,295 రూపాయలు కాగా, వడ్డి మెట్లు మెట్లుగా ఎక్కినందున అసలులో తగ్గినది పదునారు వేల చిల్లర మాత్రమే. బాకీ 9,83,000 పైచిలుకు. అందుచే సంస్థవారు, నన్నడుగకయే, వాయిదాను 8,275 రూపాయలకు పెంచి, మిగిలిన కాలమును 360 నెలలు చేసిరి. నాకప్పుడు నలువది యొకటవ యేడు. అప్పు తీరునప్పటికి డెబ్బది యొకటి. ఉద్యోగ విరమణానంతరము వచ్చు పింఛనులోనుండి, ఆ పిమ్మట నా కుమారుని సంపాదనలోనుండి ఆ వాయిదాలు పోవలసియుండును. నా భార్య ప్రశ్నకు సమాధానమిది: మనము కట్టినది వడ్డికి పోయినది, వడ్డి పెరిగినందున కాలము పెరిగినది.

ఒక్క శాతము పెరిగినను తక్కువ కాదు. 8 శాతముమీద ఇరువది ఏండ్లకు తీసికొన్న పది లక్షల అప్పునకు వాయిదా 8,364. ఆరంభముననే వడ్డి 9 శాతమై, వాయిదా మార్చకుండనిచో, ఇరువది ఏండ్లు ఇరువదియైదేండ్ల నాలుగు నెలలగును. అనగా అయిదు లక్షల ముప్పది మూడు వేలు అధికము. వాయిదా మారలేదు కనుక ఇంటిలో ఎవరికిని నొప్పి తెలియదు.

నేను ఒక శనివారమునాడు ఆ కచేరికి పోయి, వాయిదా పెంచుకొనెదను గాని కాలము పెంచవలదని కోరితిని. అచ్చటి యువకుడు మర్యాదస్థుడే, కాని, "అందరును వాయిదా తగ్గించుమని వత్తురు, మీరేల పెంచుమందురు?" అని ఆశ్చర్యపడెను. మిగిలిన 225 వాయిదాలలోనే అప్పు తీరవలెనన్న నెలకు 9,380 కట్టవలెనని యంత్రముమీద చూచి చెప్పెను. నేను జేబులోని కాగితముమీద రెండు గుణకారములు వేసితిని. 8,275 రూపాయల వంతున 360 నెలలకు 29,79,000. 9,380 వంతున 225 నెలలకు 21,10,500. తేడా 8,68,500 రూపాయలు. నెలకు 1,105 రూపాయలు హెచ్చుగా కట్టుటవలన అంత మిగులును. ఆ 1,105 రూపాయలు మా యింటిలో తేలికగా దొరకినవని తలపవలదు. మోటారు సైకిలు మానుకొని చాల దినములు బస్సులోనే వచ్చితిని. నా భార్య చీటీ ఒకటి విడిచెను.

నా ఉత్తరము వచ్చిన కొలది నెలలకు, 2023 ఆగస్టు 18న, రిజర్వు బ్యాంకువారు ఈ విషయమై ఆదేశములు జారీచేసిరి. వడ్డి మార్చునప్పుడు వాయిదా పెంచవలెనా, కాలము పెంచవలెనా, రెండును కొంతకొంత పెంచవలెనా యని ఋణస్థుని ఇష్టము కనుగొనవలెను. కాలమును పెంచి వాయిదా వడ్డికే చాలని స్థితి కలుగనీయరాదు. ఇంతవరకు వసూలైన అసలు, వడ్డి, మిగిలిన వాయిదాల సంఖ్య, వడ్డి రేటు చూపు పత్రమును మూడు నెలలకొకసారి ఋణస్థునికి అందుబాటులో నుంచవలెను. తల్లిదండ్రులు ఆ పత్రమును అడిగి తీసికొని, మిగిలిన వాయిదాల సంఖ్య యున్న పంక్తిని తప్పక చూడవలెను. మా యింట అది గోడకాలెండరుమీద వ్రాయబడుచున్నది.

ముందుగా కొంత చెల్లించుటనుగూర్చి. మారెడు వడ్డిపై నుండు గృహఋణములను వ్యక్తులు ముందుగా తీర్చుకొన్నచో జరిమానా తీసికొనరాదని 2012లోనే బ్యాంకులకు ఆజ్ఞయైనది. పై లెక్కలోని పది లక్షల అప్పుమీద మొదటి సంవత్సరాంతమున లక్ష రూపాయలు అదనముగా కట్టినచో యాబది వాయిదాలు, అనగా నాలుగున్నర లక్షలకు పైగా, తప్పిపోవును. ఆ లక్షనే పదునైదవ సంవత్సరాంతమున కట్టినచో తప్పునవి పదునారు వాయిదాలు మాత్రమే. లక్షలు మనకెక్కడివి యందురా? చెరకు సొమ్ము చేతికి వచ్చినప్పుడో, జీతపు బకాయిలు వచ్చినప్పుడో, ఏటికి ఒక వాయిదా మాత్రము అధికముగా కట్టుడు. ఇరువది ఏండ్ల అప్పు పదునారున్నర ఏండ్లకే తీరును. రెండు లక్షల ముప్పది వేలకు పైగా మిగులును. అయితే అట్లు కట్టునప్పుడు వాయిదాను తగ్గించవలదనియు, కాలమును తగ్గించవలెననియు వ్రాతమూలకముగా కోరవలెను.

వడ్డిగాక యితర వ్యయములు కలవు. దరఖాస్తు రుసుము, న్యాయవాది దస్తావేజుల పరీక్ష, స్టాంపులు, బీమా. ఈ బీమా రుసుమును తరచుగా అప్పులోనే కలుపుదురు. ముప్పది వేల బీమాను 9 శాతముపై ఇరువది ఏండ్ల అప్పులో కలిపినచో దానికి చెల్లించునది 64,780 రూపాయలు. బీమా వలదనను, ఇంటి యజమాని మరణించిననాడు దాని విలువ తెలియును. చేతి పైకముతో కట్టుడనుచున్నాను. 2024 అక్టోబరు 1నుండి క్రొత్త ఋణములకు, ఈ రుసుములన్నియు కలిపి యేటికెంత శాతము పడునో చూపు ముఖ్య వివరముల పత్రమును సంతకమునకు ముందే యియ్యవలెనని నియమము. వేర్వేరు సంస్థలను పోల్చి చూచుటకు ఆ యొక్క అంకె చాలును.

కొన్ని చిన్న కంపెనీలవారు "ఫ్లాటు వడ్డి పది శాతమే" యని చెప్పుదురు. లక్ష రూపాయలపై అయిదేండ్లకు ఏబది వేలు వడ్డి కలిపి, అరువది నెలలకు 2,500 వంతున కట్టుమందురు. అసలు తగ్గుచున్నను వడ్డి మొదటి లక్షపైననే! నిజమైన వడ్డి 17 శాతమును దాటును. పై తరగతుల పిల్లలు దీనిని స్వయముగా పరీక్షించి చూడవచ్చును.

ఇదంతయు చదివి, మాష్టారు గృహఋణమును నిందించుచున్నాడని యెవరును తలపకుందురు గాక. అద్దెయింట నున్నను నెలనెల పైకము పోవును. అందులో అసలునకు జమయగునది సున్న. ఇరువది ఏండ్లలో జీతములు పెరుగును; నేటి తొమ్మిది వేలు ఇరువది యేండ్లకు ఇంత బరువుగా నుండవు. ఆ కారణముచే మొత్తము అంకెను మాత్రమే చూచి బెదరుటయు సరికాదు. నేను మరల ఇల్లు కట్టవలసివచ్చినను అప్పుచేసియే కట్టుదును. అయితే పదునైదేండ్లకు చేసెదను, ఒక గది తక్కువగా కట్టెదను. వర్షము కురియుచుండగా సొంత కప్పుక్రింద కూర్చుండు సుఖమునకు లెక్క కట్టలేము గాని, ఆ కప్పునకు ఎంత చెల్లించుచున్నామో లెక్క కట్టవచ్చును గదా.

అప్పు తీరిననాడు చేయవలసిన పని యొకటి మరచెదరు. తాకట్టులోనున్న మూల దస్తావేజులను తిరిగి తీసికొనవలెను. 2023 సెప్టెంబరు 13నాటి రిజర్వు బ్యాంకు ఆదేశము ప్రకారము, అప్పు పూర్తిగా తీరిన ముప్పది దినములలో వానిని తిరిగి యియ్యవలెను; తమ తప్పిదమువలన ఆలస్యము చేసినచో దినమునకు 5,000 రూపాయల వంతున ఋణస్థునికి చెల్లించవలెను. రిజిస్ట్రారు కచేరిలో తనఖా నమోదై యున్నచో దానిని రద్దు చేయించి, ఈ.సీ. తీయించి చూచుకొనవలెను. తాతగారి కథ విన్నవాడను గనుక ఈ మాట నొక్కి చెప్పుచున్నాను.

2025 ఫిబ్రవరి మొదలు డిసెంబరు వరకు రెపో రేటు 6.50నుండి 5.25కు దిగినది. నా వడ్డియు 8.25 అయ్యెను. సంస్థవారు వాయిదాను తగ్గింతుమా యని అడిగిరి. ఈ పర్యాయము అడిగిరి. 9,380 అట్లే యుండనిండని వ్రాసి యిచ్చితిని. ఆ సంవత్సరము ముగిసిన పిమ్మట వచ్చిన పత్రమున మిగిలిన వాయిదాలు 164 అని యుండెను. నా భార్య కాలెండరుమీది 192ను కొట్టివేసి, దాని ప్రక్కన ఆ అంకెను వ్రాసెను.